ట్రాయాన్ చప్పట్లు

ట్రాయాన్ శవపేటిక నాటకశాల మెట్ల మీదికి రాగానే జనం చప్పట్లు మొదలుపెట్టారు. క్రయోవా నగరంలో నటుల్ని సాగనంపేది అలాగే.

"విన్నావా అమ్మా? అన్నీ నాన్నకే," అంది స్మరాండ, తల్లి భుజం పట్టుకుని.

"బతికున్నన్నాళ్లూ ఆయనకంటూ ఒక్కసారీ చప్పట్లు పడలేదు. ఎప్పుడూ నా పక్కన నౌకరు వేషమేగా," అంది ఒటీలియా.

సినిమాలు, టీవీ, నాటకాలు... నలభై ఏళ్లుగా ఒటీలియాను ఎరగనివారు లేరు. చప్పట్లు జోరందుకున్నాయి. ఆమె చెయ్యి గుండె మీదికి వెళ్లింది, నడుము దానంతటదే వంగింది.

జనం చూపులు పేటిక మీంచి ఆమె మీదికి మళ్లాయి. "ఒటీలియా" అని ఎవరో అరిచారు. మోత రెట్టింపైంది.

"అమ్మా, వంగకు."

"నేనెక్కడ వంగుతున్నానే, ఒళ్లు వంగుతోంది. ఆయన్ని తొందరగా తీసుకెళ్లమను. ఇవి కూడా నేనే లాగేసుకుంటున్నాను."