పాలపన్ను

తవ్వకాల్లో దొరికిన, వేల ఏళ్ళ నాటి ఆ చిన్న దవడ ఆరేళ్ళ బిడ్డదని పళ్ళను బట్టే తేల్చారు. పళ్ళ మీది అడ్డగీతలు ఆ బిడ్డ రెండుసార్లు ఆకలికి అల్లాడిందని చెప్పాయి. పొద్దున్నుంచి భూతద్దంలో వాటినే చూసి చూసి పరిశోధకురాలి కళ్ళు మండుతున్నాయి. దవడ ఉన్న పెట్టె మూయబోతుంటే వేలు తగిలి ముందరి పాలపన్ను కదిలింది.

ఇంటికి బయల్దేరుతున్న, తనతో పనిచేసే పెద్దావిడను ఆపింది.

"అక్కా, పొద్దున ఇది గట్టిగానే ఉంది కదూ?"

"ఎండిన ఎముక, వదులవదా మరి? ముందు నీ మొహం చూసుకో, ఎలా పీక్కుపోయిందో. పద పోదాం."

"నువ్వు వెళ్ళక్కా. సర్దేసి వస్తా."

మెట్ల మీద చెప్పుల చప్పుడు దూరమైంది. పెట్టె మూసి, లైటార్పి, తలుపు దాకా వెళ్ళింది. వెనక టిక్కుమని ఏదో రాలింది.

లైటు వేసి మూత తీసింది. పాలపన్ను పెట్టె అడుగున పడి ఉంది. అది ఊడిన చోట కొత్త పన్ను మొన తెల్లగా పైకొచ్చింది. ముట్టుకుంది. తడిగా ఉంది.

పారిపోదామనుకుంది. కానీ ఏ తల్లి కన్న బిడ్డో, చీకట్లో వదిలేసి పోవడానికి మనసు రాలేదు. కుర్చీ లాక్కుని పక్కనే కూలబడింది. అలసటకు రెప్పలు వాలుతుంటే, ఆ గదిలో తనది కాని చిన్న ఊపిరొకటి వినిపించింది.