పోటు గీత

"ఆ కిటికీ మూయి, మర్డో!"

చర్చి కాపలా చూసే ముసలి మర్డో కిటికీ మూశాడు. అయినా సముద్రపు ఒడ్డు నుంచి వస్తున్న కీర్తన ఆగలేదు. ఊరంతా కలిసి పాడుతుంటే అద్దాలు ఆపుతాయా?

రెవరెండ్ ఈనియస్ మాథసన్ వేదిక మీంచి తన సంఘాన్ని చూసుకున్నాడు. ముందు బల్ల మీద కునుకుతున్న దొరగారి దివాను గిలెస్పీ. వెనక దొరగారి వంటమనిషి, తోటమాలి, గుర్రాలు చూసేవాళ్లు. ఆదివారం చర్చికి రాకపోతే సోమవారం పనికి రానక్కర్లేదని దొర హుకుం.

మిగతా బల్లలన్నీ ఖాళీ.

మాథసన్‌ను ఈ చర్చిలో పెట్టింది దొరే. "కాపరిని ఎంచుకోవాల్సింది సంఘం, భూస్వామి కాదు" అంటూ ఊరు ఊరంతా లేచి వెళ్లిపోయింది. ఆ స్కాట్లండ్ ఒడ్డున వేరే చర్చి కట్టుకుందామంటే దొర జానెడు నేల ఇవ్వలేదు. అయితే దొర నేల పోటు నీళ్లు ఎక్కే గీత దాకానే. ఆ గీతకు అవతల ఉన్న తడి ఇసుక దొరది కాదు. వానొచ్చినా మంచు కురిసినా ఊరు అక్కడే నిలబడి ప్రార్థన చేసుకుంటోంది.

వాళ్లకు వాక్యం చెప్పడానికి ఫిన్లే మెక్రే అనేవాడు ఎక్కడినుంచో వచ్చాడు. ఇల్లు లేదు, జీతం లేదు. వాణ్ణి కళ్లారా చూడటం కూడా మాథసన్‌కు నామోషీ. ఆ పేరు వింటే మాత్రం పొద్దుటి జావ గొంతు దిగదు.

"వాడి దగ్గర ఏముందని పోతున్నార్రా వీళ్లంతా?" అని మర్డోను ఒకసారి అడిగాడు.

"దొర ఉప్పు తినేవాణ్ణి అయ్యగారూ. నా చెవులు అటువైపు వినవు."

కీర్తన ఆగింది. ఇంకాసేపటికి చర్చి తలుపు కిర్రుమంది.

పొడుగాటి మనిషి ఒకడు ముతక దుప్పటి కప్పుకుని వచ్చి చివరి బల్ల మీద కూర్చున్నాడు. బూట్లు తడిసి ఉన్నాయి. వాటికి ఇసుక.

మాథసన్ గుండె గంతేసింది. ఒడ్డు నుంచి వచ్చాడు! మెక్రేని వదిలి నా దగ్గరికి వచ్చాడు!

ఆ రోజు ఆ ఒక్కడి కోసమే ప్రసంగం చేశాడు. ఆ మనిషి ముందుకు వంగి, ఒక్క మాట పోనివ్వకుండా విన్నాడు. తర్వాతి ఆదివారం మళ్లీ వచ్చాడు. ఆ పై ఆదివారమూ వచ్చాడు. ఇక ఉండబట్టలేక మాథసన్ తలుపు దగ్గర పట్టుకున్నాడు.

"ఏమయ్యా, ఒడ్డున విసుగొచ్చిందా?"

"అక్కడ పని అయ్యాక వస్తున్నానయ్యగారూ." గొంతు బొంగురుపోయి ఉంది.

"గొంతుకేమైంది?"

"సముద్రపు గాలి."

"నిజం చెప్పు. ఆ మెక్రే కంటే నేను బాగా చెప్తానా, లేదా?"

ఆ మనిషి నవ్వాడు. "అతనిదంతా అరుపే. మీరు చెప్తుంటే ఇంటికెళ్లాక కూడా ఆలోచిస్తూనే ఉంటాను."

మాథసన్‌కు ఏనుగెక్కినంత సంబరమైంది. "మరి ఊళ్లోవాళ్లకేం రోగం?"

"దొరకు శిస్తు కడతారు. ఎదురైతే టోపీ తీస్తారు. దేవుడి మాటకు కూడా దొర హుకుమేనా అంటారు. మీ మీద కోపం కాదయ్యా. దొర చేతిమీదుగా వచ్చారని, అంతే."

అది చురుక్కుమంది. పాత మంట మళ్లీ రాజుకుంది.

"వాడి ఆట కట్టిస్తున్నాలే. వచ్చే ఆదివారం పున్నమి పోటు. నీళ్లు గీత దాకా ఎక్కి, నిలబడటానికి ఇసుకే మిగలదు. గీత వెంట కర్రలు పాతమని దివానుకు చెప్పింది నేనే. కోర్టు ఉత్తర్వు కూడా వచ్చింది. కర్ర దాటి దొర నేల మీద ఒక్క అడుగేస్తే వాడికి జైలే."

ఆ మనిషి ఒడ్డు వైపు చూశాడు.

"అక్కడ ముసలివాళ్లు ఉంటారయ్యగారూ."

"వాళ్ల జోలికి పోం. నాకు కావలసింది వాడొక్కడే."

"సరే." టోపీ పెట్టుకున్నాడు. "ఆజ్ఞల మీద వరసగా చెప్తున్నారు కదా. చివరిది వచ్చే వారమేనా?"

"అవును, పదో ఆజ్ఞ. పొరుగువాడిది ఏదీ ఆశించకూడదన్నది. నీ కోసమే తయారు చేస్తున్నా. తప్పక రావాలి సుమా!"

"రావాలనే ఉందయ్యా."

పున్నమి ఆదివారం సముద్రం కర్రల దాకా వచ్చి కొట్టింది. కీర్తన మొదలై, సగంలో తెగింది. తర్వాత కేకలు. వేదిక మీద మాథసన్ పెదవులు విచ్చుకున్నాయి. ఇక తలుపు వైపు చూస్తూ నిలబడ్డాడు. ఎంతసేపు పట్టినా సరే, చివరి బల్ల నిండందే ప్రసంగం మొదలుపెట్టదలచుకోలేదు.

తలుపు భళ్లున తెరుచుకుంది. నడుం దాకా తడిసిన గిలెస్పీ.

"దొరికాడయ్యగారూ! మోకాలి లోతు నీళ్లలో నిలబడి చెప్తున్నాడు గానీ గీత దాటడే! చివరికి ఎఫీ అవ్వను అల పడేసింది. చేతుల మీద ఎత్తుకుని కర్ర ఇవతలికి తెచ్చి పడుకోబెట్టాడు. పట్టేశాం!"

"పారిపోబోయాడా?" చూపు ఇంకా చివరి బల్ల మీదే ఉంది.

"లేదండీ, తనే చేతులు చాపాడు. పిచ్చివాడిలా ఉన్నాడు. బండెక్కేముందు ఒకటే బతిమాలాడు. పదో ఆజ్ఞ ఇవాళేనట కదా, కాసేపు ఇక్కడ ఎప్పుడూ కూర్చునే చివరి బల్ల మీద కూర్చుని విని వస్తానని."