ఎండు రొయ్యల షాటు

"కట్!" అని అరిచాడు గిద్యోను. "మళ్ళీ పేపరేనా అక్కా?"

చెంచమ్మ తల కూడా ఎత్తలేదు. గుడిసె ముందు పేపరు పరిచి, తాపీగా రొయ్యలు ఆరబోస్తోంది.

పులికాట్ సరస్సు ఒడ్డున, దిబ్బ మీద పద్నాలుగు యానాది గుడిసెలు. దిబ్బ పక్కన రొయ్యల చెరువులు. ఆ చెరువుల ఆసామికి దిబ్బ మీద కన్ను పడింది. వీళ్ళు ఇక్కడ కాపురం ఉండేవాళ్ళు కాదనీ, రొయ్యల కాలంలో నాలుగు రోజులు వచ్చిపోయేవాళ్ళనీ కోర్టుకెక్కాడు. వీళ్ళ దగ్గర చూస్తే పట్టా లేదు, రేషన్ కార్డు లేదు. కేసు పోయిందా, గుడిసెలూ పోయినట్టే.

వీళ్ళ గోడు లోకానికి చెప్పాలని గిద్యోను నెల్లూరు నుంచి డాక్యుమెంటరీ తీయడానికి వచ్చాడు. పాపం, మనసున్నవాడే. రెండేళ్ళుగా నెల నెలా వస్తున్నాడు. వచ్చిన ప్రతిసారీ ఈ పేపరు గొడవే.

"వెయ్యేళ్ళ నాటి బతుకులా కనబడాలక్కా. ఇసుక, నీళ్ళు, నువ్వు, రొయ్యలు. మధ్యలో ఈ హీరో బొమ్మలేంది?"

"అట్టనే సారూ."

అనడం వరకే. అతను ఈతచాప కొనిచ్చాడు. చక్కగా చాప పరిచింది. దాని మీద పేపరు పరిచింది.

"పోనీ, పాత పేపరన్నా వెయ్యి తల్లీ!"

"పాతది నాకొద్దు సారూ. యీ పొద్దుదే కావాల."

దానికోసం తెల్లారేసరికల్లా దొరవారిసత్రం దాకా నడిచెళ్ళి వస్తుంది, మహాతల్లి. చదువుతుందా అంటే అక్షరం ముక్క రాదు. మొదటి పేజీ పైఅంచు మీద మాత్రం ఒక్క రొయ్య పడనివ్వదు. వానాకాలంలో గుడిసె లోపల పరిచింది. రొయ్యలు పడని నెలలో ఉత్త పేపరు ముందేసుకుని కెమెరాకేసి చూస్తూ కూర్చుంది. గిద్యోనుకు తల ప్రాణం తోకకొచ్చింది.

ఎలాగో సినిమా పూర్తయింది. ఢిల్లీలో ఏదో ఉత్సవానికి పంపితే తిప్పికొట్టారు. 'ప్రతి దృశ్యంలోనూ వార్తాపత్రిక అడ్డొస్తోంది' అని కారణం కూడా రాశారు. అతనికి ఒళ్ళు మండిపోయింది.

వారం తిరక్కుండా చెంచమ్మ ఫోను చేసింది.

"సారూ, నీ సినిమా కోర్టులో ఎయ్యాలంట. మా వకీలు రమ్మంటా ఉండాడు."

గిద్యోను పొంగిపోయాడు. వ్యాఖ్యానం తనే రాశాడు మరి, రాస్తూ రాస్తూ ఏడ్చాడు కూడా. అది వింటే జడ్జి గారు కరిగి నీరైపోవడం ఖాయం అనుకుంటూ లాప్‌టాప్ చంకన పెట్టుకుని వెళ్ళాడు.

జడ్జి గారు ముందుగా సౌండు తీసేయమన్నారు. ఆ తర్వాత పేపరు కనబడిన చోటల్లా బొమ్మ ఆపించి, పైఅంచున ఉన్న తేదీని పైకి చదువుతూ, జనవరి నుంచి డిసెంబరు దాకా ఒక్క నెల కూడా వదలకుండా రాయించారు.