కనపడని అక్క

లండన్‌లో ఓ కాస్టింగ్ డైరెక్టర్ టీవీ సీరియల్ కోసం మా చిత్తూరు యాస మాట్లాడే అమ్మాయిని వెతుకుతోందని తెలిసి, నేనూ సుహానా సత్యవేడు నుంచి వీడియోలు పంపాం. రెండో వడపోతకు మా ఇద్దరిలో సుహానా ఒక్కతే మిగిలింది. చెల్లెలి వేషానికి అక్కాచెల్లెళ్ల సన్నివేశం ఒకటి తీసి పంపమన్నారు.

“రూతూ, ఈసారి అక్క డైలాగులు నువ్వు సదివి పెట్టే. నువ్వేం కనపడే పన్లేదులే,” అంది నవ్వుతూ.

కనపడే పన్లేదట! ఫోను పట్టుకుని ఆమె ఎదుట నిలబడ్డాను. ఆ సన్నివేశంలో అక్క చెల్లెల్ని తిట్టాలి. కాగితంలో ఉన్నది వదిలేసి, “నాలో లేనిది నీలో ఏముండాదే, ఆ తెల్ల మొహం తప్ప?” అన్నాను.

సుహానా డైలాగు మరిచిపోయింది. కళ్లలో నీళ్లు తిరిగాయి.

“మళ్లా తీద్దామా?” అంది.

పాడైందన్న సంతోషాన్ని దాచుకుని, “బాగానే వచ్చిందిలే,” అంటూ అదే పంపేశాను.

వారం తర్వాత ఆ కాస్టింగ్ డైరెక్టరే వీడియో కాల్ చేసింది. ముప్పై ఏళ్లుగా బ్రిటన్‌లో నటుల్ని ఎంపిక చేస్తున్నానని, సొంతవాళ్లే నొప్పించినప్పటి చూపును ఇంత నిజంగా నటించినవాళ్లు అరుదని, చెల్లెలి వేషం సుహానాదేనని చెప్పింది.

ఫోను పెట్టేశాక సుహానా నా వైపు తిరిగింది.

“ఆయమ్మకు నా యాక్టింగ్ నచ్చిందంట రూతూ. ఆ పొద్దు నేను యాక్టింగ్ చేయనేలేదు.”

ఫోను నా చేతిలో పెడుతూ అడిగింది.

“నువ్వూ చేయలేదు గదా?”