ఈజిప్టుకు వెళ్ళని గాడిద

ఆ ఉదయం రోము ఆకాశంలో మచ్చుకైనా మబ్బు లేదు. నాలుగు రోజులుగా పట్టిన ముసురు రాత్రికి రాత్రే విడిచిపోయింది. కిటికీలోంచి పడ్డ ఎండను చూసి సెత్తిమియో గుండె జారింది. ఎండ కాస్తే షూటింగు జరుగుతుంది. అందుకే ఇంకా ఎవరూ లేవకముందే వెళ్ళి గాడిదను దొంగిలించాడు.

అది మామూలు గాడిద కాదు. మరియమ్మ బాలయేసును ఎత్తుకుని ఈజిప్టుకు పారిపోవలసింది దాని వీపు మీదే. చర్చిలో తీస్తున్న ఏడు పవిత్ర కథల సినిమాలో ఆరు కథలు అయిపోయాయి. ఏడో దాంట్లో ఈ గాడిద నాలుగడుగులు వేస్తే సినిమా పూర్తి. పూర్తయిన మర్నాడే, సినిమా పేరుతో ఆ చర్చిలో తలదాచుకున్న గుంపు వేషాలవాళ్ళ అనుమతి చీటీలు చెల్లవు. వాళ్ళను ఎక్కించుకుపోవడానికి బయట ఊరిని ఆక్రమించిన జర్మన్ల లారీలు కాచుకుని ఉన్నాయి.

ఆ గుంపులో సెత్తిమియో అల్లుడు నజ్జరేనో ఉన్నాడు. సైన్యం నుంచి పారిపోయి వచ్చి ఒక కథలో కుష్ఠురోగి వేషం, ఇంకో కథలో ఆ రోగిని తరిమే భటుడి వేషం వేశాడు. జర్మన్లను తరుముతూ అమెరికావాళ్ళు ఊళ్ళోకి వచ్చేదాకా సినిమా ఎలాగోలా సాగాలి. సెట్టు సామాన్లన్నీ సెత్తిమియో చేతిలోవే. షూటింగు ఆపడానికి ఇదివరకే పేతురు గడ్డాన్ని మేక తిన్నదన్నాడు. దేవదూత రెక్కల్ని ఎలుకలు కొట్టేశాయన్నాడు.

ఇప్పుడు గాడిద మూతికి గోనెసంచి కట్టి, చర్చి కింద సన్యాసుల ఎముకలు పేర్చిన నేలమాళిగలోకి దించాడు. దిష్టి తగలకుండా ఎర్రపీలిక కలిపి తానే పేనిన తాటితో స్తంభానికి కట్టేశాడు.

గాడిద లేదని తెలిసి డైరెక్టరు బెల్ఫోర్తి తల పట్టుకుని మెట్ల మీద కూలబడ్డాడు.

"సరే, ఇద్దరి మీద దుప్పటి కప్పుదాం. నజ్జరేనో, నువ్వు వెనక కాళ్ళు."

"ముందు కాళ్ళు ఇప్పించండి సార్. ఇన్నాళ్ళ అనుభవం ఉన్నవాణ్ణి" అన్నాడు నజ్జరేనో.

సినిమాకు కాపలా పెట్టిన జర్మను లెఫ్టినెంటు వెండ్లర్ బూటుతో నేల తన్నాడు. "కుదరదు. దైవచిత్రంలో దొంగ గాడిదా? నిజమైనదే కావాలి. త్వరగా వెతకండి. ఈ సినిమా అయిన మర్నాడే నన్ను ఆంజియో యుద్ధానికి పంపుతున్నారు. అక్కడ ఫిరంగులు నాకోసం ఆగవు."

"చావడానికి ఎంత తొందరో మహానుభావుడికి" అని గుంపులో ఎవరో గొణిగారు.

సరిగ్గా అప్పుడే నేల కిందినుంచి ఓండ్ర వినబడింది. గోనెసంచిని గాడిద తినేసినట్టుంది.

నజ్జరేనో ఒక్క గెంతులో చర్చిలో వాయించే ఆర్గాను ముందు పీట ఎక్కి, దొరికిన మెట్లన్నీ నొక్కుతూ దేవుడి పాట ఎత్తుకున్నాడు. రెండూ కలిసి ఇంకా ఘోరంగా ఉన్నాయి.

లెఫ్టినెంటు కాసేపు నేలవైపు చూశాడు. "ఆర్గానుకు జలుబు చేసింది" అని, ఇద్దరు సిపాయిల్ని వెంటబెట్టుకుని తానే వెతకడానికి బయల్దేరాడు. గంటగోపురం ఎక్కాడు. పాపం ఒప్పుకునే గూళ్ళలో తొంగిచూశాడు. చివరికి నేలమాళిగ మెట్లు దిగాడు. సెత్తిమియో ఆ సినిమాలో ఉన్న పునీతులందరికీ పేరుపేరునా మొక్కాడు.

చాలాసేపటికి లెఫ్టినెంటు ఒక్కడే మోకాళ్ళ దుమ్ము దులుపుకుంటూ పైకి వచ్చాడు. "ఎముకలు తప్ప ఏమీ లేవు."

ఎవరూ చూడకుండా సెత్తిమియో కిందికి పరుగెత్తాడు. నిజంగానే ఏమీ లేదు. స్తంభం దగ్గర ఆరని పేడ మాత్రం ఉంది. తోటవైపు తలుపు బార్లా తెరిచి ఉంది.

దొంగకు తేలు కుట్టినట్టయింది. గాడిద పోయిందని అరవడానికి లేదు. ఆ ఓండ్ర విని, ఆకలికి ఆగలేక గుంపులోవాళ్ళే ఎవరికో అమ్మేసి ఉంటారు. కొన్నవాడు రేపు దాన్ని వీధిలో తోలితే సినిమా పూర్తి, అల్లుడూ పూర్తి.

నజ్జరేనోను ఒక మూలకు లాగాడు. "నిజం చెప్పు అల్లుడూ, గాడిదను ఏం చేశారు?"

"నేనా? అంత ఆకలేస్తే ముందు నిన్నే తినేవాణ్ణి మామా. నీ తర్వాత కదా గాడిద."

పొద్దు వాలింది. ఆనాటికి షూటింగు ఆగిపోయింది.

దీపాలు పెట్టే వేళకు సిపాయిలు ఒక పెద్ద డేగిసా మోసుకొచ్చి చర్చి బలిపీఠం ముందు దించారు. దారిలో బాంబు పడి ఎవరిదో ఆవు చచ్చిందని, చల్లారకముందే తినమని లెఫ్టినెంటు చెప్పాడు. మాంసం ముఖం చూసి ఎన్నాళ్ళయిందో. మరియమ్మ, హేరోదు, కుష్ఠురోగులు, డైరెక్టరు అందరూ ఒకే బల్ల చుట్టూ చేరారు. లెఫ్టినెంటు చొక్కా చేతులు మడిచి తానే వడ్డించడానికి నిలబడ్డాడు.

చెంచాల చప్పుడే. మాంసం కొంచెం గట్టిగా ఉంది.

రెండో ముద్ద నోట్లో పెట్టుకోబోతూ సెత్తిమియో డేగిసా వైపు చూశాడు. మూతను బిగించి తెచ్చిన తాడు ఇంకా దాని చెవికి వేలాడుతోంది. అందులో ఎర్రపీలిక ఉంది.

లెఫ్టినెంటు అతని గిన్నెలో మరో గరిటె పోస్తూ చెవి దగ్గరికి వంగాడు. "ఆంజియో వెళ్ళాలని నాకూ సరదా లేదు, ముసలాయనా. దాచిన గాడిద ఓండ్ర పెడుతుంది. తినేసిన గాడిద పెట్టదు."