బాణీ: చాట్రాయి ఇన్నయ్య

పెళ్లివారిని విడిదికి తీసుకొస్తున్న బ్యాండువాళ్లు ఆ పాట ఎత్తుకోగానే నరసింహారావు గుంపులోంచి పక్కకు తప్పుకున్నాడు.

క్లారినెట్టువాడు పాటని మరీ సాగదీసి ముద్దు చేస్తున్నాడు. కుర్రాళ్లు రుమాళ్లు ఎగరేస్తున్నారు. బాపులపాడు బాపులపాడంతా ఊగుతుంటే నరసింహారావు ఒక్కడికే ఒళ్లు మండిపోయింది.

“మళ్లీ అదేనా?” అన్నారు పక్కనున్న రాఘవయ్య. నూజివీడు చుట్టుపక్కల తగువులు తీర్చే పెద్దమనిషి ఆయన.

“అదేనండి. నా ఇంటి అరుగు మీద పుట్టిన పాట.”

అందులో అబద్ధమేం లేదు. నరసింహారావుకి నూజివీడులో మామిడి అంటుమొక్కల నర్సరీ ఉంది. ఆ ప్రాంతంలో గిటారు పట్టిన మొదటివాడూ అతనే. చిన్ననాటి స్నేహితుడు ఇన్నయ్య చాట్రాయి చర్చిలో డ్రమ్ములు వాయించేవాడు. ‘ఎర్రమట్టి దారిలో ఎగిరిపడే దుమ్మురా’ అని ఇద్దరూ కలిసి అందుకుంటే కాలేజీ పిల్లలు బెంచీలెక్కేవాళ్లు. రాక్ పాటంటే ఏమిటో నూజివీడుకి తెలిసింది అప్పుడే. మాటలూ బాణీ నరసింహారావువి. డ్రమ్ములు మాత్రమే ఇన్నయ్యవి.

ఎనభై మూడు వేసవిలో ఇన్నయ్య ఓ బుట్టెడు మామిడిపండ్లతో వచ్చాడు. బుట్ట అరుగు మీద పెట్టి కూర్చున్నాడు. నరసింహారావు భార్య సుబ్బరత్నమ్మ కాఫీ ఇచ్చింది. నరసింహారావు ఆ రోజంతా పాట గురించే చెప్పాడు. ఇన్నయ్య బుట్ట వైపు చూస్తూ ఊఁ కొట్టాడు. వచ్చే వారం మద్రాసు వెళుతున్నానన్నాడు. అంతే, నరసింహారావు లోపలికెళ్లి తన గొంతుతో రికార్డు చేసిన కాసెట్ తెచ్చి వాడి చేతిలో పెట్టాడు.

“అక్కడెవరికన్నా వినిపించరా. నా పేరు చెప్పు.”

ఇన్నయ్య కాసెట్ తీసుకుని, పొద్దు వాలాక లేచి వెళ్లిపోయాడు.

మరుసటేడు ఆ పాట సినిమాలో వచ్చింది. ఊళ్లన్నీ ఊగిపోయాయి. నరసింహారావు విజయవాడ పరిగెత్తి రికార్డు కొన్నాడు. అట్ట మీద సంగీత దర్శకుడి పేరు కింద సన్నటి అక్షరాలు కనిపించాయి. ‘బాణీ: చాట్రాయి ఇన్నయ్య.’

ఆ రోజు అన్నం ముట్టలేదు.

ఆ తర్వాత పాటకి పట్టపగ్గాల్లేకుండా పోయాయి. ఎన్నికల జీపులో ‘అసెంబ్లీ దారిలో’ అయింది. మాల వేసుకున్న స్వాములు ‘శబరికొండ దారిలో’ అన్నారు. క్రిస్మస్‌కి చర్చిలో ‘బేత్లెహేము దారిలో’ అన్నారు. ఎవడో ఊరూపేరూ లేని గాయకుడు పాడిన చవక కాసెట్ బస్టాండులో మూలమూలనా మోగింది. చివరికి పళ్లపొడి అమ్మేవాడు కూడా వదల్లేదు. ఇన్నిట్లో అసలు పాట నుంచి మిగిలింది దారి ఒక్కటే. ఏ దారిలోనూ నరసింహారావు పేరు లేదు.

“ఎవరన్నా పరాయివాడు చేస్తే ఏడ్చి ఊరుకునేవాణ్ణండి,” అన్నాడు రాఘవయ్యతో. “డెబ్బై ఏడు ఉప్పెన గాలికి వాడి మామిడితోటంతా నేలకొరిగింది. అప్పుడు వాడి పక్కన నిలబడింది నేను కాదా? దగ్గరుండి గుంటలు తీయించి మళ్లీ తోట వేయించింది నేను కాదా? ఆ విశ్వాసమన్నా ఉండొద్దా?”

“మూడేళ్లయిందిగా. వెళ్లి నిలదీయకపోయావా?”

“వాడి మొహం చూడబుద్ధి కాలేదండి. మీరు తోడొస్తే వెళతాను. పాట నాదని నాలుగు ముక్కలు రాసి సంతకం పెడితే చాలు. ఆ రికార్డు కంపెనీకి పంపిస్తాను.”

మర్నాడు పొద్దున్నే ఇద్దరూ చాట్రాయి బస్సెక్కారు.

ఇన్నయ్య తోటలోనే ఉన్నాడు. కాపు విరగకాసింది. కోసేవాళ్లు మాత్రం ఒక్కరూ లేరు. రాఘవయ్యని చూసి ఇన్నయ్య గబగబా మంచం వాల్చి దుప్పటి పరిచాడు. నరసింహారావుని కూర్చోమనలేదు.

రాఘవయ్య నాన్చలేదు. “ఏమయ్యా ఇన్నయ్యా, స్నేహితుడి పాట తీసుకెళ్లి నీ పేరు వేసుకున్నావంట. నిజమేనా?”

“నిజమేనండి.”

నరసింహారావు తెల్లబోయాడు.

“పాట వాడిదేనండి. కాయితం ఇవ్వండి, సంతకం పెడతాను.” ఇన్నయ్య చేతులు తుడుచుకున్నాడు. “ముందు ఎండన పడి వచ్చారు, ఓ పండు తినండి.”

గడ్డిలో మగ్గేసిన పండ్లు రెండు తీశాడు. ఒకటి రాఘవయ్యకిచ్చాడు. ఒకటి నరసింహారావుకిచ్చాడు.

రాఘవయ్య ఇష్టంగా కొరికారు. మరుక్షణం మొహం చిట్లించి పక్కకు ఉమ్మేశారు. పళ్లలో ఇరుక్కున్న పీచు లాక్కుంటూ, “చిన్నరసాల తోటని విన్నానే. ఇదేం పులుపయ్యా బాబూ?” అన్నారు.

నరసింహారావు తన చేతిలోని పండు కొరకలేదు. తల వంచుకుని దాని తొడిమ వైపే చూస్తున్నాడు.

ఇన్నయ్య జేబులోంచి కలం తీస్తూ నెమ్మదిగా అన్నాడు: “తన తల్లిచెట్టుకి కట్టిన చిన్నరసం అంటులేనని ఒట్టేసి వీడు అమ్మిన రెండొందల మొక్కలూ ఇవేనండి, ఆవేళ మొదటి కాపు బుట్టలో తెచ్చి అరుగు మీద పెట్టి, వీడంతట వీడే చెబుతాడేమోనని పొద్దు వాలేదాకా కూర్చున్నాను.”