మంచం ఎత్తే సీను

ఆ ఇంట్లో పగలల్లా ఓ ఖాళీ మంచాన్ని గుమ్మం దాటించి, మళ్లీ లోపల పెడుతున్నారని పక్కింటి పిన్ని వీధంతా చాటింది. సినిమాలు లేక డైరెక్టరుగారికి మతి చెడిందట. నాటకం రిహార్సలని చెప్పి, మంచం నాలుగో కాలు పట్టడానికి తన మొగుణ్ణే పిలిపించుకున్నారట. "ఈయన మా కొంపలో చెంబు తీసి పక్కన పెట్టడు. అక్కడ మాత్రం మంచాలెత్తుతున్నాడు" అని ఆవిడ బాధ.

ఆ మాట డైరెక్టరు చెవిన పడింది. నవ్వొచ్చింది కూడా. కానీ నవ్వే తీరిక లేదు. తేదీ ఎవరూ ఖాయంగా చెప్పలేదు గానీ, ఎక్కువ రోజులు లేవని మాత్రం చెప్పేశారు.

"మళ్లీ మొదట్నుంచి" అన్నాడు.

హాల్లో కుర్చీలన్నీ గోడవారకు జరిపేశారు. మధ్యలో మంచం. దాని మీద మనిషికి బదులు రెండు దిండ్లు. తలుపు దగ్గర కూతురు. మంచానికి నాలుగు మూలలా అల్లుడు, పాత ట్రూపులోని లైట్ల మనిషి, మేకప్ మనిషి, పక్కింటి పిన్ని మొగుడు. కిటికీ పక్కన శాలువా కప్పుకుని వయొలిన్ ఆవిడ.

నాటకాల రోజుల నుంచీ డైరెక్టరుది ఒకటే పద్ధతి. ముందు రాగం. ఆ తర్వాతే మనుషులూ మాటలూ. సినిమాల్లోకి వెళ్లినా మారలేదు. కెమెరా పక్కన ఆవిడ వాయిస్తుంటే నటులు నడిచేవాళ్లు, ఏడ్చేవాళ్లు. తెర మీదకొచ్చేసరికి ఆ వయొలిన్ తీసేసేవాడు. జనం మాత్రం వినిపించనిదేదో విన్నట్టు గుడ్ల నీరు కుక్కుకుంటూ బయటికొచ్చేవాళ్లు.

ఒకసారి ఆవిడకు జ్వరమొస్తే, సెట్టు నిండా జనాన్ని పెట్టుకుని షూటింగ్ ఆపేశాడు. నిర్మాత నానా తిట్లూ తిట్టాడు.

"ఆ వయొలిన్ లేందే నాకు చెయ్యి కూడా లేవదు సార్" అన్నాడు.

గొప్పకు అన్న మాట కాదది. తల్లి పోయిన రోజున అదే జరిగింది. ఆ గోలలో వయొలిన్ తియ్యాలని ఎవరికీ తోచలేదు. మంచం వెళ్లి గుమ్మానికి కొట్టుకుంది. ఎవరో ఫోన్లో గట్టిగా ఇంటికి దారి చెబుతున్నారు. ఊళ్లకు ఊళ్లను ఏడిపించినవాడు, సొంత తల్లి దగ్గర చేతులెక్కడ పెట్టుకోవాలో తెలియక జేబుల్లో పెట్టుకుని నిలబడ్డాడు. ఆ నిలబడ్డం ఇప్పటికీ గొంతులో ముల్లులా ఉంది.

ఈ సీను అలా పాడవకూడదు. ఇక దీని తర్వాత తియ్యాల్సింది ఏమీ లేదు.

వయొలిన్ కింది స్థాయిలో, నేల మీద పాకుతున్నట్టు మొదలైంది.

"ఇప్పుడు ఎత్తండి. మెల్లిగా. అయ్యా, మీరు బస్తా మోస్తున్నట్టున్నారు. అక్కడ మనిషుంది."

"ఉన్నవి దిండ్లేగా సార్" అన్నాడు పక్కింటాయన.

లైట్ల మనిషి నవ్వబోయి ఆగిపోయాడు. కూతురు బావురుమంది.

"అప్పుడే కాదమ్మా! రాగం పైకెళ్లాక. నువ్వు ముందే ఏడ్చేస్తే మీ నాన్నకేం మిగులుస్తావు?"

"నా వల్ల కాదు నాన్నా."

"అవుతుంది. అందరూ ముందు ఇలాగే అన్నారు. అందరి చేతా చేయించాను."

వయొలిన్ సగంలో ఆగింది. ఆవిడకు ఆయాసం. కూతురు పరుగున వెళ్లి నీళ్లూ మాత్రా అందించింది. డైరెక్టరు అటు చూడలేదు. గోడవైపు తిరిగి కుర్చీలు సర్దాడు, సర్దినవే.

కాసేపటికి కమాను మళ్లీ తీగల మీదకొచ్చింది.

ఈసారి కుదిరింది. మంచం గుమ్మానికి తగలకుండా దూదిలా తేలుతూ పోయింది. రాగం పైకెళ్లిన చోటనే కూతురి ఏడుపు అందుకుంది. పక్కింటాయన కూడా, ఎందుకో ఏమో, ముక్కు ఎగబీల్చాడు. డైరెక్టరు చేతులు వాటంతటవే జేబుల్లోంచి బయటికొచ్చి, మంచం పట్టె మీద వాలాయి. అక్కడే ఉండిపోయాయి.

"ఓకే!" అన్నాడు. "అసలు రోజున కూడా అచ్చం ఇలాగే. వయొలిన్ మొదలయ్యేదాకా మంచం మీద ఎవరూ చెయ్యి వెయ్యొద్దు. నాతో సహా."

పొద్దుట్నుంచీ నోరు విప్పని వయొలిన్ ఆవిడ, కమానును ఒళ్లో పెట్టుకుంది.

"ఏవండీ, ఆ రోజు మంచం మీద ఉండేది నేనే కదా, మరి వయొలిన్ వాయించేదెవరు?"